సమ్నర్ న్యాయస్థాన భవనం: చరిత్ర, నిర్మాణం, పునరుద్ధరణ – ఒక పరిశీలన

వ్యాససంగ్రహం:

అమెరికాలోని మిసిసిపి రాష్ట్రంలో సమ్నర్ అనే చిన్న ఊరు ఉంది. టల్లహాచీ కౌంటీ న్యాయస్థాన భవనం ఆ ఊరి నడిబొడ్డున నిలిచి ఉంది. ఎమెట్ టిల్ అనే పద్నాలుగేళ్ల నల్లజాతి బాలుని హత్య కేసు 1955 సెప్టెంబరులో ఇక్కడే విచారణకు వచ్చింది. నిందితులు నిర్దోషులుగా విడుదలైనదీ ఇక్కడే. ఒక కౌంటీ న్యాయస్థానపు నిర్మాణం న్యాయాన్ని ఏ రూపంలో చూపుతుంది, ఆ రూపం వెనుక ఎవరిని బయట ఉంచుతుంది, అటువంటి గదిని ఏ కాలానికి పునరుద్ధరించాలి అన్న ప్రశ్నలను ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలకపదాలు: కౌంటీ, న్యాయస్థాన వాస్తు, రోమనెస్క్ శైలి, జ్యూరీ, ఓటర్ల జాబితా, పునరుద్ధరణ, ఎమెట్ టిల్.

1. కౌంటీ – కోర్టు హౌస్

అమెరికాలో రాష్ట్రానికి దిగువన ఉండే ప్రధానమైన పాలనా విభాగం కౌంటీ. దేశం మొత్తంమీద కౌంటీలు మూడు వేలకు పైగా ఉన్నాయి. ఒక్క మిసిసిపిలోనే 82 ఉన్నాయి. కౌంటీని మన జిల్లాతో పోల్చడం వాడుకలో ఉంది గాని, విస్తీర్ణంలోనూ జనసంఖ్యలోనూ చాలా కౌంటీలు మన పాత తాలూకాలకు దగ్గరగా ఉంటాయి. కౌంటీ కేంద్రమైన ఊళ్లో ఉండే ప్రధాన భవనాన్ని 'కోర్టు హౌస్' అంటారు. ఈ పేరు తెలుగు పాఠకుణ్ణి కొంత పొరబాటు పడేలా చేస్తుంది. అక్కడ జరిగేది వ్యాజ్యాల విచారణ ఒక్కటే కాదు. భూముల దస్తావేజులు నమోదయ్యేది, పన్నులు చెల్లించేది, పెళ్లికి అనుమతిపత్రం పుచ్చుకునేది, ఓటరుగా పేరు రాయించుకునేది కూడా చాలాచోట్ల ఆ కప్పు కిందనే. మన తాలూకా కచేరీ, సబ్ రిజిస్ట్రారు ఆఫీసు, మునసబు కోర్టు, ఎన్నికల కార్యాలయం ఒకే మేడలో కలిసి ఉంటే ఎలా ఉంటుందో కోర్టు హౌస్ అలా ఉంటుంది. అమెరికాలో స్థిరపడిన తెలుగు కుటుంబాలు కూడా పెళ్లి నమోదుకో, ఇంటి పన్ను పనిమీదో, పౌరసత్వం వచ్చాక జ్యూరీ పిలుపు అందుకునో ఏదో ఒక రోజు ఈ కౌంటీ కార్యాలయాల గడప తొక్కే ఉంటాయి.

ఊరి నిర్మాణంలోనూ ఈ భవనానిదే కేంద్రస్థానం. ఊరి మధ్య చతురస్రాకారంగా ఒక స్థలం వదిలి, దాని నడుమ కోర్టు హౌస్ కట్టి, నాలుగు పక్కలా వీధులు, ఆ వీధులకు అవతల అంగళ్లు ఉండే పద్ధతి దక్షిణ, మధ్య పశ్చిమ రాష్ట్రాలలో విరివిగా కనిపిస్తుంది. భూగోళ శాస్త్రజ్ఞుడు ఎడ్వర్డ్ ప్రైస్ 1968లో ఈ చతురస్రాలను అధ్యయనం చేసి, వాటిలో బాగా వ్యాపించిన రకానికి టెనెసీలోని షెల్బీవిల్ పేరు పెట్టాడు. మన ఊళ్లలో గుడి చుట్టూ మాడవీధులు ఏర్పడినట్లు అక్కడ న్యాయస్థానం చుట్టూ బజారు ఏర్పడింది. భవనానికి వెనుక వైపు అంటూ ఉండకూడదన్న నియమం ఈ చతురస్రం నుండే పుట్టింది. ఏ వీధి నుండి చూసినా అది ముఖం చూపుతూనే ఉండాలి.

మిసిసిపి సాహిత్యంలో ఈ భవనానికి ఉన్న చోటు చిన్నది కాదు. ఆ రాష్ట్రానికి చెందిన నవలాకారుడు విలియం ఫాక్‌నర్ 1951లో వెలువరించిన 'రిక్వియం ఫర్ ఎ నన్'లో మొదటి అంకానికి 'ది కోర్ట్‌హౌస్' అనే పేరే పెట్టి, ఒక ఊరి పుట్టుకను న్యాయస్థానపు పుట్టుకగా కథనం చేశాడు. అక్కడివారు ఊరిని ఊహించుకునే తీరుకు అది అద్దం పడుతుంది.

2. ఒక కౌంటీకి రెండు కేంద్రాలు

టల్లహాచీ కౌంటీ 1833లో ఏర్పడింది. అంతకు మూడేళ్ల ముందు, 1830లో జరిగిన డాన్సింగ్ రాబిట్ క్రీక్ ఒప్పందంతో చాక్టా ఆదివాసులు మిసిసిపిలో తమకు మిగిలిన భూములను వదులుకోవలసి వచ్చింది. కౌంటీ పేరు మాత్రం వారి భాషలోనే మిగిలింది. టల్లహాచీ అంటే రాతినది అని అర్థం.

ఆ నదే కౌంటీని రెండుగా చీల్చింది. తూర్పున కొండవాలు, పడమట డెల్టా. ఇక్కడ డెల్టా అంటే సముద్రంలో కలిసేచోట ఏర్పడినది కాదు, మిసిసిపి, యాజూ నదుల నడుమ పరుచుకున్న వరదమైదానం. కృష్ణా, గోదావరి తీరాల పాఠకులకు ఆ నేల తీరును వేరుగా వివరించనక్కరలేదు. నల్లని ఒండ్రు, చదునైన పొలాలు, ఏటా వరద భయం. మన డెల్టా వరిని పండించింది, వారిది పత్తిని పండించింది. ఆ పత్తిని తీసినవారు మొదట బానిసలు, తర్వాత వారి సంతతివారైన పాలికాపులు.

వానకాలంలో నది దాటి తూర్పున ఉన్న చార్లెస్టన్‌కు వెళ్లడం కష్టం కావడంతో పడమటి భాగానికి సమ్నర్ రెండో కేంద్రమైంది. మిసిసిపిలో ఇలా రెండేసి కేంద్రాలున్న కౌంటీలు పది ఉన్నాయి. నేటి జనాభా మూడు వందలకు అటూ ఇటూగా ఉన్న ఊళ్లో అంత పెద్ద భవనం ఎందుకున్నదన్న సందేహానికి సమాధానం ఇక్కడ ఉంది. ఆ భవనం ఊరి కోసం కట్టినది కాదు, నదికి ఇవతల ఉన్న సగం కౌంటీ కోసం కట్టినది.

3. రాయి లేని నేలపై రాతిశైలి

సమ్నర్ న్యాయస్థానం 20వ శతాబ్దపు తొలి ఏళ్లనాటిది. గుండ్రని కమానులు, బరువుగా కనిపించే గోడలు, ఎత్తైన గోపురం, గడియారం దాని ప్రధాన లక్షణాలు. వాస్తుచరిత్రకారులు దీనిని రిచర్డ్‌సన్ రోమనెస్క్ శైలికి చెందినదిగా గుర్తిస్తారు. హెన్రీ హాబ్సన్ రిచర్డ్‌సన్ (1838–1886) లూసియానాలో పుట్టి, బోస్టన్ ప్రాంతంలో పేరు గడించిన వాస్తుశిల్పి. బోస్టన్‌లోని ట్రినిటీ చర్చితో ప్రసిద్ధుడై, పిట్స్‌బర్గ్‌లోని అలిగెనీ కౌంటీ న్యాయస్థానానికి రూపకల్పన చేసి, అది పూర్తికాకముందే 1886లో మరణించాడు. మధ్యయుగపు యూరపు మఠాలు, కోటల నుండి అర్ధవృత్తపు కమానును, గరుకుగా చెక్కిన రాతిని తీసుకుని ఆయన కూర్చిన ఈ శైలి ఆయన మరణానంతరం రెండు దశాబ్దాల పాటు కౌంటీ న్యాయస్థానాలకు ఇష్టమైన వేషమైంది.

అలిగెనీ భవనం గ్రానైటుతో కట్టినది. ఈ శైలి బలమంతా రాతి బరువులో ఉంది. గోడ మందం కంటికి తెలియాలి, కమాను కింద నీడ లోతుగా పడాలి. డెల్టాలో రాయి దొరకదు. ఎంత లోతుకు తవ్వినా ఒండ్రే. కనుక పెద్ద నగరంలో రాతితో చెప్పినదాన్ని సమ్నర్‌లో ఇటుకతో చెప్పవలసి వచ్చింది. ఇటుక కమానుకు అనువైనదే. అర్ధవృత్తాన్ని చిన్న చిన్న ఇటుకలతో పేర్చడం రాతిని చెక్కడం కంటే తేలిక. అయితే ఇటుకతో కట్టిన గోడ రాతిగోడలా భయపెట్టదు. అందువల్లనే కాబోలు, సమ్నర్ భవనం కోటలాగా కాక, కోటను తలచుకుంటున్న పెద్ద బడిలాగా కనిపిస్తుంది. ఈ మాట నింద కాదు. ఆ ఊరి స్థాయికి ఆ రూపమే సరిపోతుంది.

గోపురాన్ని గురించి ఒక మాట చెప్పాలి. చదునైన డెల్టాలో కొద్ది ఎత్తు కూడా మైళ్ల దూరానికి కనిపిస్తుంది. పత్తిచేలలో పనిచేసే కూలికి గడియారం ఉండదు, ఉన్నది ఊరి గోపురం మీదే. కాలాన్ని చెప్పే హక్కు, తీర్పు చెప్పే హక్కు ఒకే కట్టడంలో కలవడం ఆ తరం న్యాయస్థానాల సాధారణ లక్షణం.

భవనపు ఆవరణలో 1913లో అంతర్యుద్ధపు దక్షిణాది సైనికులకు ఒక స్మారకం నిలిపారు. అంతర్యుద్ధం ముగిసింది 1865లో. అర్ధశతాబ్దం గడిచాక, నల్లవారి ఓటుహక్కును చట్టాలతో కత్తిరించిన తర్వాత, దక్షిణాది కోర్టుల ముంగిళ్లలో ఇటువంటి స్మారకాలు వరుసగా వెలిశాయి. న్యాయం కోరి లోపలికి వచ్చే నల్లమనిషికి అదే మొదట ఎదురయ్యేది. వాస్తుపటంలో లేకపోయినా భవనపు అర్థంలో దానికి భాగముంది.

4. ఆ అయిదు రోజులు

విచారణ మందిరం మేడమీద ఉంది. దాని అమరిక అమెరికా అంతటా ఉన్నదే. ఎదురుగా ఎత్తుమీద న్యాయపీఠం, దాని పక్కన సాక్షి కుర్చీ, ఒక పక్కగా పన్నెండుమంది జ్యూరీ కూర్చునే ఆవరణ, న్యాయవాదుల బల్లలు, వారికీ ప్రేక్షకులకూ నడుమ ఒక కటకటా. చూడడానికి వచ్చినవారు కటకటా ఇవతలే ఉండాలి. ఈ గదిలో ఎవరు ఎక్కడ కూర్చుంటారన్నదే సగం న్యాయశాస్త్రం.

ఎమెట్ టిల్ 1941 జూలై 25న పుట్టిన చికాగో బాలుడు. 1955 ఆగస్టులో మిసిసిపిలోని బంధువుల ఇంటికి వచ్చాడు. మనీ అనే పల్లెలో ఒక అంగడి నడిపే తెల్ల స్త్రీ పట్ల అమర్యాదగా ప్రవర్తించాడన్న ఆరోపణ మీద ఆగస్టు 28 తెల్లవారుజామున అతణ్ణి ఎత్తుకుపోయారు. ఎమెట్‌కు వరసకు తాత అయిన మోజెస్ రైట్ ఇంటి నుండి ఇది జరిగింది. మూడు రోజుల తర్వాత టల్లహాచీ నదిలో శవం తేలింది. మెడకు పత్తిమిల్లు ఫ్యాను ఒకటి ముళ్లతీగతో కట్టి ఉంది. అంగడి యజమాని రాయ్ బ్రయంట్‌పైన, అతని సవతి సోదరుడు జె. డబ్ల్యు. మైలం పైన హత్యానేరం మోపారు. ఎత్తుకుపోయింది పక్కనున్న లెఫ్లోర్ కౌంటీలో. శవం దొరికిన చోటు తన హద్దులోనిదేనని టల్లహాచీ షెరీఫ్ హెచ్. సి. స్ట్రైడర్ తేల్చడంతో కేసు సమ్నర్‌కు వచ్చింది.

విచారణ సెప్టెంబరు 19న మొదలై 23న ముగిసింది. న్యాయాధిపతి కర్టిస్ స్వాంగో నిష్పక్షపాతంగా నడిపించాడని నల్లజాతి విలేకరులు సహితం రాశారు. ఇది గమనించవలసిన విషయం. కార్యక్రమం సక్రమంగానే సాగింది, అభ్యంతరాలు విన్నారు, సాక్షులను ప్రమాణం చేయించారు. మోజెస్ రైట్ సాక్షి కుర్చీలో నుండి లేచి, ఆ రాత్రి తన ఇంటికి వచ్చినవారు వీరేనని వేలెత్తి చూపాడు. తెల్లవారి కోర్టులో ఒక నల్లని పాలికాపు తెల్లవారిని అలా చూపడం ఆ నాటికి ప్రాణాలకు తెగించిన పని. విచారణ సాగుతుండగా ఫొటోలు తీయరాదని న్యాయాధిపతి ఆదేశం. అయినా ఆ క్షణాన్ని ఫొటోగ్రాఫర్ ఎర్నెస్ట్ విథర్స్ బంధించాడు. రైట్ సాక్ష్యం తర్వాత ఆ పొలాన్ని వదిలి చికాగోకు తరలిపోయాడు. విల్లీ రీడ్ అనే పద్దెనిమిదేళ్ల యువకుడు కూడా సాక్ష్యమిచ్చి అదే దారి పట్టాడు.

బాలుని తల్లి మేమీ టిల్ చికాగో నుండి వచ్చి, ఆ శవం తన కొడుకుదేనని చెప్పింది. కాదు, అది ఎవరిదో చెప్పలేమన్నది ప్రతివాదుల వాదం. షెరీఫే వారి తరఫున ఆ మాట చెప్పాడు. ఆ తల్లి కూర్చున్న చోటు ఈ వ్యాసానికి ముఖ్యం. తెల్ల విలేకరులకు కటకటా లోపల న్యాయపీఠానికి దగ్గరగా స్థానాలు ఏర్పరిచారు. 'జెట్' పత్రిక తరఫున వచ్చిన సిమియన్ బుకర్, జేమ్స్ హిక్స్ మొదలైన నల్లజాతి విలేకరులకు ఒక పక్కగా పేకాట బల్ల ఒకటి వేశారు. మిషిగన్ నుండి వచ్చిన కాంగ్రెసు సభ్యుడు చార్లెస్ డిగ్స్ స్థానమూ అక్కడే, చనిపోయిన బిడ్డ తల్లి స్థానమూ అక్కడే. దేశ చట్టసభలో కూర్చోగల మనిషికి ఈ కౌంటీ కోర్టులో దక్కింది మడత కాళ్ల బల్ల దగ్గర ఒక కుర్చీ. షెరీఫ్ ఆ బల్ల దగ్గరకు వచ్చి హీనమైన సంబోధనతో పలకరించేవాడని విలేకరులు నమోదు చేశారు.

జ్యూరీ 67 నిమిషాలలో నిర్దోషులని తీర్పు చెప్పింది. మధ్యలో సోడా తాగడానికి ఆగకపోతే అంతసేపు కూడా పట్టేది కాదని ఒక జ్యూరీ సభ్యుడు అన్నట్లు పత్రికలు రాశాయి. 1956 జనవరిలో ఆ ఇద్దరూ 'లుక్' పత్రికకు సొమ్ము పుచ్చుకుని తామే చంపామని చెప్పారు. ఒకసారి నిర్దోషిగా తేలిన నేరానికి మళ్లీ విచారణ ఉండదు గనుక ఆ మాట వారికి హాని చేయలేదు.

5. మేడమీది జ్యూరీ – కింది గదిలోని పుస్తకం

జ్యూరీలో పన్నెండుమందీ తెల్ల పురుషులే. ఆనాటి టల్లహాచీ కౌంటీ జనంలో దాదాపు మూడింట రెండు వంతులు నల్లవారు. ఈ పొంతనలేనితనాన్ని కేవలం జాతిద్వేషమని చెప్పి ఊరుకుంటే భవనం ఎలా పనిచేసిందో అర్థం కాదు.

జాతిని బట్టి జ్యూరీ నుండి తొలగించడం రాజ్యాంగ విరుద్ధమని అమెరికా సుప్రీంకోర్టు 1880లోనే, స్ట్రాడర్ కేసులో చెప్పింది. మిసిసిపి దానిని ధిక్కరించలేదు, చుట్టు తిరిగి వెళ్లింది. 1890లో రాసుకున్న రాష్ట్ర రాజ్యాంగం ప్రకారం జ్యూరీలో ఉండాలంటే ఓటరై ఉండాలి. ఓటరు కావాలంటే తలపన్ను కట్టాలి, రాజ్యాంగంలోని ఏదైనా భాగాన్ని చదవగలగాలి లేదా చదివి వినిపిస్తే వివరించగలగాలి. సరిగా వివరించారో లేదో నిర్ణయించేది ఓటర్లను నమోదు చేసే గుమాస్తా. ఎక్కడా నల్లవారు అన్న మాట లేదు. సుప్రీంకోర్టు 1898లో విలియమ్స్ కేసులో ఈ ఏర్పాటును తప్పుపట్టలేదు.

ఇప్పుడు కోర్టు హౌస్ కట్టడాన్ని మళ్లీ చూడాలి. మేడమీద విచారణ మందిరం, కింద కార్యాలయాలు అన్నది ఆ తరం కౌంటీ భవనాల సాధారణ అమరిక. మిసిసిపిలో ఓటర్లను నమోదు చేసేది కౌంటీ సర్క్యూట్ క్లర్కు. తలపన్ను వసూలు చేసేది షెరీఫ్, ఎందుకంటే ఆ రాష్ట్రంలో పన్నుల వసూలూ అప్పట్లో షెరీఫ్ బాధ్యతే. అంటే మేడమీద జ్యూరీ ఆవరణలో ఎవరు కూర్చోగలరన్నది కింది కార్యాలయాలలో, ఒక నమోదు పుస్తకం దగ్గర, ఒక పన్ను రసీదు దగ్గర అప్పటికే తేలిపోయి ఉంటుంది. 1955లో టల్లహాచీ కౌంటీలో ఓటరుగా నమోదైన నల్లమనిషి ఒక్కరూ లేరు. మిసిసిపి స్త్రీలను, ఏ రంగువారినైనా సరే, జ్యూరీలోకి అనుమతించింది 1968లోనే. కమానులు, గోపురం, న్యాయపీఠపు ఎత్తు ఇవన్నీ చూపరుల కోసం. భవనపు అసలు ద్వారం కింది గదిలోని పుస్తకం. స్వాంగో వంటి న్యాయాధిపతి ఎంత నిజాయితీగా నడిపించినా ఆ పుస్తకాన్ని దాటి వెళ్లలేడు.

క్రిమినల్ కేసుల్లో జ్యూరీ పద్ధతిని భారతదేశం వదిలిపెట్టి చాలాకాలమైంది. 1959 నాటి నానావతి కేసులో జ్యూరీ ఇచ్చిన తీర్పును హైకోర్టు తోసిపుచ్చిన సంగతి పాఠకులకు తెలిసినదే. తోటి పౌరుల తీర్పు అన్న భావన గొప్పదే. ఆ 'తోటి' అన్న మాటలోకి ఎవరు వస్తారన్నదే అసలు చిక్కు.

6. కనబడకుండా పోయిన కాగితాలు

ఏ కోర్టుకైనా జ్ఞాపకం దాని దస్తావేజులే. సమ్నర్ విచారణలో నమోదైన మాటల ప్రతి దశాబ్దాల పాటు ఎక్కడా దొరకలేదు. 2004లో తిరిగి తెరిచిన కేసును కేంద్ర నేర పరిశోధనా సంస్థ ఎఫ్‌బీఐ పరిశీలిస్తున్న క్రమంలో పాలిపోయిన ఒక నకలు బయటపడింది. దానిని చూసి మళ్లీ టైపు చేయించారు. అరవై ఏళ్లు పైబడినవారు చెప్పుకుంటూ వచ్చిన సంగతులను ప్రశ్న–జవాబుల రూపంలో సరిచూసుకునే అవకాశం పరిశోధకులకు అప్పుడే కలిగింది.

పక్క కౌంటీలో ఇంకొక సంగతి జరిగింది. 2022 జూన్‌లో గ్రీన్‌వుడ్‌లోని లెఫ్లోర్ కౌంటీ న్యాయస్థానపు నేలమాళిగలో ఒక పెట్టె నుండి 1955 ఆగస్టు 29 తేదీతో ఉన్న అరెస్టు వారెంటు దొరికింది. అది అంగడిలోని ఆ స్త్రీ పేరున, ఎత్తుకుపోయిన నేరానికి జారీ అయినది. ఇద్దరు చిన్నపిల్లల తల్లిని ఇబ్బంది పెట్టడం ఇష్టంలేదని అప్పటి షెరీఫ్ చెప్పగా అది అమలు కాకుండా ఆగిపోయింది. వారెంటు బయటపడ్డాక కూడా, 2022 ఆగస్టులో, గ్రాండ్ జ్యూరీ ఆమెపై అభియోగం మోపడానికి అంగీకరించలేదు. మరుసటి ఏడాది ఆమె మరణించింది. మన రికార్డు రూములలో బూజుపట్టిన కట్టలను చూసినవారికి ఈ సంగతి వింతగా తోచకపోవచ్చు. న్యాయస్థానపు నేలమాళిగ మరుపునకు ఎంత చోటిస్తుందో జ్ఞాపకానికీ అంతే చోటిస్తుంది.

7. ఏ నాటికి పునరుద్ధరించాలి?

1955 తర్వాత సమ్నర్‌లో ఈ కేసును గురించి మాట్లాడడం దాదాపు ఆగిపోయింది. 1970లలో ఆధునికీకరణ పేరిట విచారణ మందిరం రూపు మార్చారు. పాత గది కనుమరుగైంది. ఎవరో కుట్రపన్ని చెరిపివేశారని చెప్పనక్కరలేదు. ఆ దశాబ్దంలో ఎన్నో కోర్టులు అలాగే మారాయి. ఫలితం మాత్రం చెరిపివేతే.

1965 ఓటుహక్కు చట్టం తర్వాత కింది గదిలోని పుస్తకంలోకి నల్లవారి పేర్లు ఎక్కడం మొదలైంది. దాని ఫలం మేడమీదికి, పాలకమండలిలోకి చేరడానికి కొన్ని దశాబ్దాలు పట్టింది. టల్లహాచీ కౌంటీ పాలకమండలికి అధ్యక్షుడైన మొదటి నల్లజాతీయుడు జెరోమ్ లిటిల్. ఆయన చొరవతో తెల్లవారు, నల్లవారు కలిసి ఎమెట్ టిల్ స్మారక సంఘంగా ఏర్పడ్డారు. 2007 అక్టోబరు 2న న్యాయస్థానం ముందు టిల్ కుటుంబ సభ్యుల ఎదుట ఒక ప్రకటన చదివారు. న్యాయం కోసం తగిన ప్రయత్నం జరగలేదని కౌంటీ పౌరులుగా తమ విచారాన్ని అందులో తెలిపారు. 1913 నాటి స్మారకం ఉన్న ఆవరణలోనే కేసు చరిత్రను తెలిపే ఫలకం నిలిచింది. మేమీ టిల్ అప్పటికి లేదు. 2003లో మరణించింది.

భవనం శిథిలావస్థకు చేరుకున్నందున బాగుచేయించక తప్పలేదు. సంరక్షణశాస్త్రంలో ఒక పాత ప్రశ్న ఉంది. ఎన్నో మార్పులు చూసిన కట్టడాన్ని ఏ నాటి రూపానికి తేవాలి? కట్టిన నాటికా, కీర్తి పొందిన నాటికా, ఈనాటి అవసరానికా? సాధారణంగా నిర్మించిన నాటి వైభవాన్నో, ఒక మహాపురుషుడు నివసించిన కాలాన్నో ఎంచుకుంటారు. సమ్నర్‌లో విచారణ మందిరాన్ని 1955 సెప్టెంబరు నాటి రూపానికి తెచ్చారు. అంటే గది తన తొలి రూపానికి గాక, తాను తలవంచుకోవలసిన వారానికి తిరిగి వెళ్లింది. 2010ల నడుమ ఆ పని పూర్తయింది.

ఈ నిర్ణయం సాహసమైనదే. అయినా ఒక సందేహం మిగులుతుంది. పునరుద్ధరణకు ఆధారం ఫొటోలు, పటాలు, పాత సామగ్రి. వీటితో గోడల రంగు, జ్యూరీ కుర్చీల వరుస, కటకటా ఉన్న చోటు తిరిగి తేవచ్చు. ఆ వారంలో ఆ గదిని నిర్వచించినది మాత్రం స్థిరమైన సామగ్రి కాదు. ఎక్కడి నుండో తెచ్చి వేసి, పని కాగానే మడిచి తీసివేసిన పేకాట బల్ల అది. ఏ వాస్తుపటంలోనూ దానికి చోటు లేదు. ఉండకూడదనే దానిని అలా వేశారు. వివక్ష ఎప్పుడూ కట్టడంగానే ఉండదు. చాలాసార్లు తాత్కాలిక ఏర్పాటుగా ఉంటుంది, ప్రశ్నిస్తే లేదనిపించుకోగలిగేలా ఉంటుంది. మన ఊళ్ల హోటళ్లలో ఒకప్పుడు బయట గూట్లో వేరుగా పెట్టిన గ్లాసులను ఇక్కడ తలచుకోవచ్చు. హోటలు భవనాన్ని యథాతథంగా కాపాడినా ఆ గ్లాసు దొరకదు. అందువల్ల ఇటువంటి గదిని చూపేవారు గోడలను చూపినంత శ్రద్ధగా, గోడలు చెప్పలేని సంగతులనూ మాటలలో చెప్పవలసి ఉంటుంది. సమ్నర్‌లో ఆ పనిని న్యాయస్థానానికి ఎదురుగా ఉన్న ఎమెట్ టిల్ వివరణ కేంద్రం చేస్తున్నది.

ఊరి బయట పరిస్థితి వేరు. శవం దొరికినదని భావించే నదీతీరంలో 2008లో నిలిపిన ఫలకాన్ని దొంగిలించారు. తర్వాత నిలిపినవాటిని తుపాకులతో కాల్చి తూట్లు పొడిచారు. చివరికి 2019లో గుళ్లు దూరని ఉక్కుతో, 200 కిలోలకు మించిన బరువుతో ఇంకొక ఫలకం నిలపవలసి వచ్చింది. వాస్తులో బరువును న్యాయపు గాంభీర్యానికి చిహ్నంగా వాడిన రిచర్డ్‌సన్ శైలి పక్కన, ఒక బాలుని పేరు చెరగకుండా ఉండడానికి అవసరమైన ఈ బరువును కూడా లెక్కలోకి తీసుకోవాలి.

2023 జూలై 25న, ఎమెట్ బతికి ఉంటే 82 ఏళ్లు నిండే రోజున, అమెరికా అధ్యక్షుడు జో బైడెన్ మూడు స్థలాలను కలిపి తల్లీకొడుకుల పేరున జాతీయ స్మారకంగా ప్రకటించాడు. అంత్యక్రియలు జరిగిన చికాగో చర్చి, నదీతీరంలోని గ్రాబాల్ లాండింగ్, సమ్నర్ న్యాయస్థానం. చర్చిలో తల్లి తన కొడుకు శవపేటికను తెరిచే ఉంచమని పట్టుబట్టింది, ఛిద్రమైన ఆ ముఖాన్ని వేలమంది చూశారు. న్యాయస్థానంలో ఆ ముఖం ఎవరిదో చెప్పలేమన్నారు.

స్మారకమైనా ఆ భవనం ప్రదర్శనశాల కాలేదు. రెండో జిల్లా కోర్టు అక్కడే నడుస్తున్నది. 1955 నాటి రూపంలో ఉన్న ఆ గదిలోనే నేటి వ్యాజ్యాలు విచారణకు వస్తాయి. జ్యూరీకి పిలుపు అందుకున్న టల్లహాచీ పౌరులు, నల్లవారు, తెల్లవారు, స్త్రీలు, పురుషులు, ఆ పన్నెండు కుర్చీలలోనే కూర్చుంటారు.